నైషు ఎవరి కుమార్తె? ఈజిప్టు చరిత్ర, తెలుగు పాఠకుడు, తెలుగు శాఖల బాధ్యత

హైదరాబాదు పబ్లిక్ గార్డెన్స్‌లోని రాష్ట్ర మ్యూజియంలో ఉన్న మమ్మీ గురించి తెలుగు పత్రికలు ఏ సందర్భంలో రాసినా ఒక వాక్యం తప్పనిసరిగా పునరావృతమవుతుంది. ఆ దేహం ‘ఆరవ ఫారో కుమార్తె అయిన రాకుమారి నైషు’ది అన్నదే ఆ వాక్యం. వ్యాకరణపరంగా అందులో దోషం లేదు. చరిత్రపరంగా దానికి అర్థమే లేదు.

ఈజిప్టు రాజులను ఒకటవ ఫారో, రెండవ ఫారో అంటూ వరుసగా లెక్కించే పద్ధతి ప్రాచీన ఈజిప్టులోనూ లేదు, ఆధునిక చరిత్రకారులలోనూ లేదు. క్రీ.పూ. 3వ శతాబ్దిలో తన దేశచరిత్రను గ్రీకు భాషలో రాసిన పూజారి మనెథో రాజులను వంశాలుగా విభజించాడు. 30 వంశాల ఆ విభజనే నేటికీ ఆధారం. అంకె వేసేది వంశానికి, లేదా ఒకే పేరు పెట్టుకున్న రాజులకు. మమ్మీ కాలం క్రీ.పూ. 300–100 మధ్యదని అవే వార్తాకథనాలు చెబుతాయి. అది అలెగ్జాండర్ సేనాని స్థాపించిన టాలెమీ వంశం (క్రీ.పూ. 305–30) పాలించిన కాలం. తొలి వంశం నుంచి లెక్కిస్తే ఆరవ రాజు అంతకు 2500 ఏళ్లకు పైగా ముందటివాడు. అతని కుమార్తె ఈ కాలంలో మరణించడం అసాధ్యం. పోనీ ఆరవ టాలెమీ (క్రీ.పూ. 180–145) అనుకుందామంటే, ఆ గ్రీకు రాజకుటుంబంలో ఆడపడుచుల పేర్లు క్లియోపాత్ర, బెరెనికె, అర్సినోయె. నైషు అన్న పేరు ఆ వరుసలో ఎక్కడా ఒదగదు.

మరి ఆరు అనే అంకె ఎక్కడినుంచి వచ్చింది? మమ్మీని 1920 ప్రాంతంలో కొని తెచ్చినట్లు చెప్పే నజీర్ నవాజ్ జంగ్ ఆరవ నిజాం మహబూబ్ అలీ ఖాన్ అల్లుడు. ఆయన దానిని ఏడవ నిజాంకు కానుకగా సమర్పించగా, 1930లో అది మ్యూజియానికి చేరింది. వార్తలో ఆరవ నిజాం ఒక వాక్యంలో, ఆరవ ఫారో పక్క వాక్యంలో కనిపిస్తారు. ఒక అంకె గోడ దూకి రెండో వాక్యంలో పడిందేమోనన్న అనుమానం సహజం. ఇది ఊహ మాత్రమే. ఊహ కానిది ఒకటుంది: ఇంతకాలంగా ఆ వాక్యాన్ని పత్రికలు ఒకదాని నుంచి ఒకటి ఎత్తి రాసుకుంటున్నాయి. నగరంలో ఇన్ని తెలుగు శాఖలు ఉన్నాయి. పాఠపరిష్కరణ, ప్రతుల పోలిక, ప్రక్షిప్త నిర్ధారణ నేర్పే చోట్లవి. భారత భాగవతాలలో ఒక అక్షరం మారితే వ్యాసాలు వెలువడతాయి. ఊరి నడుమ మ్యూజియంలోని ఒక స్త్రీ చుట్టూ అల్లుకున్న ప్రక్షిప్తం మాత్రం ఎవరి పరిధిలోకీ రాదు.

ఎందుకు రాదు అన్నదే అసలు ప్రశ్న. ‘అది తెలుగువారి విషయం కాదు’, ‘జనరంజక రచన పరిశోధన కాదు’ అన్న రెండు సమాధానాలు సిద్ధంగా ఉంటాయి. రెండూ తప్పే.

సామాన్య పాఠకుని చిరునామా

‘సామాన్య పాఠకుడు’ అన్న మాట చిరునామా లేని ఉత్తరం వంటిది. కాబట్టి ఒక చోటు పేరు చెప్పుకోవడం మేలు. మైలార్‌దేవ్‌పల్లి హైదరాబాదుకు దక్షిణాన, ఆరాంఘర్ కూడలికి దగ్గరగా, శంషాబాదు విమానాశ్రయం వైపు వెళ్లే దారి చేరువలో ఉంది. పక్కనే కాటేదాన్ పారిశ్రామికవాడ. నైషు ఉన్న మ్యూజియానికి పదిహేను కిలోమీటర్లు మించి ఉండదు. ఈజిప్టు చరిత్రను తెలుగులో చెప్పదలచిన విద్వాంసుడు ఇక్కడి వాడల్లో ఒక సభ పెడితే, వినేవారికి ఆ దేశం ముందే తెలుసన్న సంగతి అతనికి మొదటి పది నిమిషాల్లోనే అర్థమవుతుంది. తెలుగు బైబిలు చదివే ఇంట్లో అది ‘ఐగుప్తు’, అక్కడి రాజు ‘ఫరో’. ఉర్దూ మాట్లాడే ఇంట్లో అది ‘మిస్ర్’, రాజు ‘ఫిరౌన్’. బడికి వెళ్లే పిల్లలకు అది ‘ఈజిప్టు’, రాజు ‘ఫారో’. కిరాణా కొట్టులో పటికబెల్లాన్ని మిస్రీ అని అడిగేవారి నోట ఆ దేశం పేరు రోజూ పలుకుతూనే ఉంది. యోసేపు కథ ఒక ఇంటిది, యూసుఫ్ కథ పక్కింటిది. ఒకే దేశానికి మూడు పేర్లు మూడు వైపుల నుంచి చేరిన ఇటువంటి చోట ‘ఇది తెలుగువారి విషయం కాదు’ అనడానికి ధైర్యం కావాలి.

ఆ ఊరి పేరే మంచి బోధనాసామగ్రి. అందులో మైలారదేవుడు ఉన్నాడు. క్రీడాభిరామం చదివిన ప్రతి తెలుగు విద్యార్థికీ ఓరుగల్లులో మైలారుని వీరభటుల సాహసకృత్యాలు తెలుసు. ఒక ప్రాంతపు దేవుడు, పశుపాలకుల కొలువు అందుకున్నవాడు, క్రమంగా శివునితోనూ మల్లన్నతోనూ భైరవునితోనూ ఏకమయ్యాడు. ప్రాచీన ఈజిప్టు మతాన్ని తెలుగులో చెప్పడానికి ఇంతకంటె దగ్గరి ద్వారం లేదు. నైలు వెంట ప్రతి మండలానికీ ఒక సొంత దేవత ఉండేది. థీబ్స్ పట్టణపు స్థానిక దైవం ఆమున్, ఆ పట్టణపు రాజులు బలపడిన కొద్దీ సూర్యదేవుడైన రాతో కలిసి ఆమున్-రాగా మారి సామ్రాజ్యదైవమయ్యాడు. పాఠ్యపుస్తకంలో ‘ఈజిప్షియన్లు బహుదేవతారాధకులు’ అన్న వాక్యం విద్యార్థికి ఏమీ చెప్పదు. మైలారుని ఉదాహరణతో మొదలుపెడితే దేవతలు రాజకీయాలతో పాటు ఎలా పెరుగుతారో అతడే చెప్పగలడు. పోలిక హద్దు కూడా అక్కడే చెప్పాలి: మైలారుడు జానపదుల నుంచి పైకి వ్యాపించాడు, ఆమున్ ఉన్నతిలో రాజాశ్రయం పాత్ర ఎక్కువ.

మాటల దగ్గర దివాలా

తెలుగులో ఈజిప్టు గురించి వెలువడే రచనలలో అధికభాగం ఇంగ్లీషు వాక్యానికి తెలుగు లిపి తొడిగినవి. నీళ్లు తోడే సాధనాన్ని ‘షాదూఫ్’ అని రాసి, బ్రాకెట్లలో ఒక వివరణ ఇస్తారు. ఈజిప్టు నవరాజ్యకాలపు సమాధి చిత్రాలలో కనిపించే ఆ సాధనం ఏతం. ఒక చివర బరువు, మరో చివర బాన, నడుమ ఊతం: బొమ్మ చూపితే మైలార్‌దేవ్‌పల్లిలోని ఏ పాత రైతుకుటుంబమైనా పేరు చెబుతుంది. మమ్మీని ఎండబెట్టడానికి వాడిన నాట్రాన్ అనే లవణం, చాకలివారు బట్టలకు వాడిన చౌడుకు దగ్గరి చుట్టం. సోడా గుణం రెంటిలోనూ ఉంది. దేహానికి చుట్టిన వస్త్రం అవిసె నారతో నేసినది. ఇవన్నీ చెప్పకుండా ‘నాట్రాన్‌లో ఉంచి లినెన్‌తో చుట్టేవారు’ అని రాస్తే, వాక్యంలో క్రియాపదం తప్ప తెలుగు ఏమీ మిగలలేదు.

ఈజిప్షియన్లు తమ దేశాన్ని ‘కెమెట్’ అన్నారు, అంటే నల్లనేల. దాని చుట్టూ ఉన్న ఎడారి ‘దెష్రెట్’, ఎర్రనేల. నల్లరేగడి, ఎర్రచెలక అన్న జంటతో బతికిన దక్కను రైతుకు ఈ రెండు పేర్ల వెనుక ఉన్న లోకజ్ఞానం ఒక్క మాటలో అందుతుంది. అయితే విద్వాంసుడు ఇక్కడ జాగ్రత్త వహించాలి. దక్కను రేగడి రాయి అరిగి ఏర్పడిన నేల. నైలు నల్లనేల ఏటా వరద మోసుకొచ్చిన ఒండ్రు. దెష్రెట్ పంట పండని ఎడారి. చెలక అలా కాదు. పోలికను తెచ్చి దాని హద్దు గీయగలగడమే పాండిత్యం. హద్దు గీయలేనివాడు పోలిక తేకపోవడం మేలు, కాని పోలికే తేనివాడు బోధకుడు కాలేడు.

‘ఫారో’ అన్న మాట మీద ఒక క్షణం ఆగవచ్చు. మూలరూపం ‘పెర్-ఆ’, అర్థం పెద్ద ఇల్లు. మొదట రాజభవనానికి వాడిన మాట నవరాజ్యకాలంలో రాజుకే వర్తించింది. లక్షణ అంటే ఏమిటో పాఠం చెప్పే తెలుగు అధ్యాపకునికి ఇంతకు మించిన ఉదాహరణ దొరకదు. ‘నగరు’ అంటే రాజగృహం, ‘నగరివారు’ అంటే రాజకుటుంబం. తెలంగాణ పల్లెలో ‘గడి నుంచి కబురొచ్చింది’ అంటే గోడలు కబురు పంపలేదని అందరికీ తెలుసు.

లిప్యంతరీకరణ సమస్య మరింత లోతైనది, ఇది పూర్తిగా తెలుగు శాఖల పని. ఈజిప్టు లిపి హల్లులను రాసింది, అచ్చులను రాయలేదు. నేడు వాడుకలో ఉన్న రాజుల పేర్లలో కొన్ని గ్రీకు నోటి గుండా, మరికొన్ని పండితులు సౌకర్యం కోసం చొప్పించిన అచ్చులతో వచ్చినవి. గీజా మహాపిరమిడ్ రాజు గ్రీకులో కియోప్స్, ఈజిప్టు రూపానికి దగ్గరగా ఖుఫు. తెలుగు పుస్తకాల్లో ఇద్దరు వేర్వేరు రాజులన్న భ్రమ కలిగేలా రెండు పేర్లూ తిరుగుతుంటాయి. పైగా ఈజిప్టు భాషలో పండితులు గుర్తించిన హకార సదృశ ధ్వనులు నాలుగు. తెలుగు అక్షరం స్వభావతః అకారాన్ని మోస్తుంది. పొల్లు పెట్టకుండా హల్లును రాయలేదు. అచ్చులు లేని భాషను అచ్చుతో పుట్టే లిపిలోకి తేవడానికి ఒక పద్ధతి కావాలి. ఆ పద్ధతిని వార్తాసంస్థల తొందరకు వదిలేసి, తర్వాత ‘టుటంకామున్’, ‘టూటన్‌ఖామన్’, ‘తుతంఖామెన్’ అన్న రూపాల అరాచకాన్ని చూసి విచారించడం భాషాశాస్త్రజ్ఞులకు తగదు.

ఖాళీ చోటులో మొలిచేవి

విద్వాంసులు మాట్లాడని చోట మౌనం ఉండదు. యూట్యూబులో, వాట్సాప్‌లో గ్రహాంతరవాసులు పిరమిడ్లు కడుతుంటారు, మమ్మీలు శపిస్తుంటాయి, రామెసెస్ రాముడవుతాడు. చివరి వాదాన్ని వెక్కిరించి వదిలేయడం సులువు. పదచ్ఛేదం చేసి చూపడం తెలుగు పండితుని కర్తవ్యం. ఆ పేరు రా-మెస్-సు: ‘రా అతనిని కన్నాడు’. ఇదే ‘మెస్’ ధాతువు తుత్‌మోస్ అన్న పేరులోనూ ఉంది, అక్కడ దేవుడు థోత్. పేరును ‘రామ’ దగ్గర విరిస్తే మిగిలిన ముక్కకు అర్థం పోతుంది, తుత్‌మోస్‌తో ఉన్న సామ్యమూ పోతుంది. సంధి విడదీయడం నేర్చిన పదవ తరగతి పిల్లవానికి ఈ వాదన అర్థమవుతుంది. 1887లో అమర్నాలో బయటపడిన మట్టి పలకలలో కనిపించే తుష్రత్త దశరథుడేనన్న ప్రచారమూ ఇటువంటిదే. అతడు ఈజిప్టు రాజు కాడు, మితన్ని రాజు. అతని పేరు ఇండో-ఆర్య మూలంగలదే; పండితులు దానికి ఉద్ధృతమైన రథం కలవాడన్న అర్థం చెప్పారు, పది రథాలతో సంబంధం లేదు. అసలు సంబంధం ఆసక్తికరమైనది. కల్పిత సంబంధం దానిని కప్పేస్తుంది.

పిరమిడ్లను కొరడా దెబ్బల కింద బానిసలు కట్టారన్న నమ్మకం మరింత బలమైనది, గౌరవనీయమైన రచనలలోనూ కనిపిస్తుంది. 1990లో గీజాలో బయటపడిన నిర్మాణకార్మికుల సమాధులు, 2013లో ఎర్రసముద్ర తీరాన వాదీ అల్-జర్ఫ్‌లో దొరికిన మెరెర్ అనే అధికారి దినచర్య పత్రాలు ఆ చిత్రాన్ని మార్చాయి. ఖుఫు కాలంలో సున్నపురాయిని పడవలలో గీజాకు చేరవేసిన బృందపు రోజువారీ లెక్కలవి. ఇంతవరకు దొరికిన రాతగల పపైరస్‌లలో అతి ప్రాచీనమైనవి. బైబిలు ఇశ్రాయేలీయుల చేత చేయించారని చెప్పేది ఇటుకల పని, పట్టణాల నిర్మాణం, పిరమిడ్లు కాదు. ఈ మాట చర్చి ఉన్న వీధిలో మర్యాదగా, స్పష్టంగా చెప్పవచ్చు. ఈజిప్టు శాసనాలలో ఇశ్రాయేలు పేరు మెర్నెప్తా విజయశిలపై, సుమారు క్రీ.పూ. 1208లో, కనిపిస్తుందని, ఐగుప్తు నుంచి వలస వెళ్లిన వృత్తాంతం మాత్రం ఆ శాసనాలలో లేదని కూడా చెప్పాలి. విశ్వాసాన్ని గాయపరచకుండా సాక్ష్యాన్ని దాచకుండా మాట్లాడడం కష్టమైన పని. కష్టమైనది కనుకనే అది విద్వాంసునిది.

కాటేదాన్ కార్మికునికి చెప్పవలసిన కథ వేరే ఉంది. మూడవ రామెసెస్ 29వ పాలనా సంవత్సరంలో, క్రీ.పూ. 12వ శతాబ్ది మధ్యలో, రాజుల సమాధులు తొలిచే దెయిర్ అల్-మదీనా పనివారికి జీతపు గింజలు అందలేదు. వారు పనిముట్లు వదిలి, సమాధిక్షేత్రపు గోడలు దాటి వెళ్లి దేవాలయాల వెనుక కూర్చున్నారు. లేఖకుడు ఆ సంగతిని తేదీలతో సహా రాసి ఉంచాడు. ఆ పపైరస్ నేడు ఇటలీలోని ట్యూరిన్ మ్యూజియంలో ఉంది. చరిత్రలో నమోదైన తొలి సమ్మె అది. ఫారోల బంగారు ముసుగుల గురించి తెలుగులో ఎంతో అచ్చయింది. ముసుగు పెట్టిన సమాధులను తొలిచినవారి ఆకలి గురించి అచ్చయినది అందులో ఎంత?

తెలుగు నేల మీద టాలెమీ

‘అది పరాయి చరిత్ర’ అన్నవారిని కర్నూలు జిల్లా ఎర్రగుడికి పంపాలి. అక్కడి బండలపై అశోకుని 14 ప్రధాన శిలాశాసనాలూ ఉన్నాయి. పదమూడవ శాసనం ధర్మవిజయం సాధించిన దేశాల వరుసలో యవనరాజులను పేర్కొంటుంది. వారిలో ప్రాకృతంలో ‘తురమాయ’ వంటి రూపంలో కనిపించేవాడు ఈజిప్టును ఏలిన రెండవ టాలెమీ (క్రీ.పూ. 285–246). 1838లో జేమ్స్ ప్రిన్సెప్ ఈ పేర్లను గుర్తించడంతోనే అశోకుని కాలనిర్ణయానికి గట్టి ఆధారం దొరికింది. అంటే తెలుగు ప్రాంతపు శాసనచరిత్ర కాలక్రమం ఈజిప్టు రాజు పేరు మీద ఆనుకొని ఉంది. నైషు కూడా ఆ టాలెమీల యుగపు మనిషే. అదే ఎర్రగుడిలోని లఘుశిలాశాసనంలో కొన్ని పంక్తులు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. ఈజిప్టు లిపిలో పక్షులు, మనుషులు ఏ వైపు చూస్తుంటే ఆ వైపు నుంచి చదవాలి. శాసనపాఠం చెప్పే తరగతిలో ఈ రెంటినీ పక్కపక్కన పెట్టకపోవడానికి కారణం అలవాటు తప్ప మరేదీ కాదు. ఇక ఈజిప్టులో నివసించిన గ్రీకు వర్తకుడు రాసిన ఎర్రసముద్రపు యాత్రాదర్శిని మసాలియా తీరాన్ని ప్రస్తావించిందని, అలెగ్జాండ్రియా భూగోళవేత్త టాలెమీ (రాజు కాదు, క్రీ.శ. 2వ శతాబ్ది పండితుడు) మైసోలియా అన్నాడని ఆంధ్రదేశ చరిత్ర చదివినవారందరికీ తెలుసు.

రెండవ ఆక్షేపణకు సమాధానం తెలుగు విద్యాచరిత్రలోనే ఉంది. 1906లో హైదరాబాదులో మొదలైన విజ్ఞానచంద్రికా గ్రంథమాల తొలి పుస్తకం గాడిచర్ల హరిసర్వోత్తమరావు రాసిన అబ్రహాం లింకన్ చరిత్ర. పరదేశ చరిత్రతోనే తెలుగు జనవిజ్ఞానం ఈ నగరంలో అడుగుపెట్టింది. కొమర్రాజు లక్ష్మణరావు ఆంధ్ర విజ్ఞానసర్వస్వం ఆయన జీవితకాలంలో ‘అ’ అక్షరాన్ని దాటలేదు; 1923లో ఆయన మరణించేనాటికి ‘ఈ’ చాలా దూరంలో ఉండిపోయింది. తర్వాతి కాలంలో ఎనిమిది సంపుటాల సంగ్రహ ఆంధ్ర విజ్ఞానకోశానికి సారథ్యం వహించిన ఖండవల్లి లక్ష్మీరంజనం ఉస్మానియా తెలుగు శాఖాధ్యక్షుడు. అది తెలుగు ఆచార్యుని పని కాదని ఆనాడు ఎవరూ అనలేదు. సురవరం ప్రతాపరెడ్డి చరిత్ర శాఖలో ఆచార్యుడు కాదు. ఆంధ్రుల సాంఘిక చరిత్రకు 1955లో తెలుగులో తొలి సాహిత్య అకాడెమీ పురస్కారం వచ్చింది. మైలారుడు కనిపించే కావ్యాలను చరిత్రకు సాక్ష్యంగా వాడడం తెలుగు పాఠకుడు నేర్చినది ఆ పుస్తకం నుంచే.

ఉస్మానియా సంగతి మరొకటి గుర్తుచేయాలి. విశ్వవిద్యాలయం 1918లో ఉర్దూ మాధ్యమంతో మొదలవడానికి ముందే, 1917లో, అనువాద విభాగం ఏర్పడింది. పారిభాషిక పదాలు తేల్చడానికి పండితులు కూర్చునేవారు. ప్రపంచ చరిత్ర ఆ విధంగా ఉర్దూలోకి ప్రవహించింది. రాజ్యంలో అత్యధికుల భాషయిన తెలుగుకు ఆ వసతి దక్కలేదన్నది న్యాయమైన ఫిర్యాదే. వసతి దక్కిన తర్వాత తెలుగు శాఖలు దానితో ఏం చేశాయన్నది అంతకంటె న్యాయమైన ప్రశ్న. ఈజిప్టులోనే సలీం హసన్ ఉదాహరణ ఉంది. గీజాలో తవ్వకాలు జరిపిన ఆ పండితుడు ఫ్రెంచి, ఇంగ్లీషు భాషల్లో బందీగా ఉన్న తన దేశచరిత్రను అనేక సంపుటాలుగా అరబ్బీలో రాశాడు. తవ్వకపు నివేదిక రాసిన చేయి, జనం కోసం రాసినందువల్ల చిన్నబోలేదు.

చిత్రలిపి చదవడం రానివాడు ఈజిప్టు గురించి రాయడమేమిటన్న ఆక్షేపణ వీటన్నిటికంటె గట్టిది. రోసెట్టా శిలను ఆధారం చేసుకొని 1822లో షాంపోలియన్ తెరిచిన తలుపు గుండా వెళ్లాలంటే ఏళ్ల శిక్షణ కావాలి. తెలుగు పరిశోధకునికి ఆ శిక్షణ లేదు, ఉన్నట్టు నటించకూడదు. అతడు చేయగలిగింది రెండవ శ్రేణి ఆధారాలను విమర్శతో చదవడం, ఏది ఎవరి నిర్ణయమో చెప్పడం, సందేహం ఉన్నచోట సందేహమని రాయడం. ఆరవ ఫారో వాక్యాన్ని పట్టుకోవడానికి చిత్రలిపి అక్కరలేదు. ఒక రాజవంశ పట్టిక, ఒక అరగంట సమయం, ప్రతులను పోల్చే అలవాటు చాలు.

ఇటువంటి పనికి నేటి మూల్యాంకన పట్టికలో చోటు లేదు. ఒక ప్రబంధంలోని వర్ణనలను అదే విధంగా నూరవసారి వర్గీకరించిన వ్యాసానికి అంకెలు పడతాయి. మైలార్‌దేవ్‌పల్లి గ్రంథాలయంలో వందమందికి అర్థమయ్యేలా రాసిన 40 పుటల పుస్తకానికి సున్న. సులభంగా ఉన్నదంతా అలతి అన్న భావం పండితులకు కొత్త కాదు, కాని దానిని నియమంగా మార్చినది ఈ తరం. జనం కోసం రాసినదానిని పరీక్షించడం అసాధ్యమేమీ కాదు: ఆధారాలు సరైనవా, పారిభాషిక పదం తెలుగు పదసంపద నుంచి వచ్చిందా, పోలికకు హద్దు చెప్పారా, సందేహాన్ని దాచారా. సిద్ధాంతవ్యాసాలకు వేసే ప్రశ్నలకంటె ఇవి కఠినమైనవి.

నైషు దేహం క్షీణిస్తున్నదని గుర్తించి ఎక్స్-రే, స్కానింగ్ పరీక్షలు జరిపి, ఆక్సిజన్ చేరని అద్దాల పెట్టెలో భద్రపరిచారు. దేహం విషయంలో విజ్ఞానశాస్త్రం తన వంతు చేసింది. వాక్యం విషయంలో ఎవరి వంతు? ఆమె టాలెమీల కాలపు స్త్రీ అని, ఆ కాలంలో దేహాన్ని ఇలా భద్రపరచుకునే స్తోమత రాజకుటుంబం వెలుపలి వారికీ ఉండేదని, రాకుమారి అనడానికి ఆధారం చూపవలసిన బాధ్యత ఆ మాట అనేవారిదని, చౌడువంటి లవణంలో ఎండబెట్టి అవిసె బట్టలో చుట్టారని, ఆమె పేరులోని అచ్చులు నేటి పండితులు వేసినవని, అదే వంశపు రాజు పేరు ఎర్రగుడి బండమీద ఉందని తెలుగులో ఒక పలక రాయవచ్చు. ఆ పలకను ఒక పరిశోధక విద్యార్థికి అప్పగించి, దానికి చేసిన శ్రమను సిద్ధాంతవ్యాసంలో ఒక అధ్యాయంగా అంగీకరించే తెలుగు శాఖ ఈ నగరంలో ఏది?